పటం నీళ్లకు వెళ్లిన రోజు

1982 జూన్ పద్నాలుగు, సోమవారం నాడు శ్రీ వల్లూరి బసవపున్నయ్య గారు ఫిల్మ్‌నగర్‌లోని మన డాక్యుమెంటరీ సంస్థలో దర్శకులుగా చేరారు. కుర్చీ చూపిస్తే కూర్చోలేదు. ఈ పదహారేళ్లలో ఆయన కుదురుగా కూర్చోగా చూసినవారు లేరు. మధురానగర్ ఇంట్లోనూ అంతేనని సతీమణి రాజ్యలక్ష్మి గారి ఫిర్యాదు.

తొలి సంవత్సరాలలో శిథిలాలయాలను, దర్గాల ఉరుసులను చిత్రించి, జనుల భక్తిలో చరిత్ర ఎంత మిగిలి ఉందో అన్వేషించారు. ఒక చిత్రం ముగియకముందే మరో ఊరి బస్సు ఎన్నింటికని అడిగేవారు.

1988లో పటం కథలను చిత్రించ తలపెట్టారు. బొమ్మలు రాసిన పొడవాటి గుడ్డపటం విప్పుతూ కులపురాణం చెప్పే ఓదెలు, జీర్ణమైన తన పటానికి మనిషికి చేసినట్టే కర్మ చేసి మానేరులో విడిచే రోజు వచ్చింది. ఆ ఒక్క దృశ్యం కోసం బసవపున్నయ్య గారు ఏడాది తిరిగారు. తీరా పటం నీళ్లను తాకే క్షణాన కెమెరాలో రీలు అయిపోయింది. షూటింగుల అలవాటు కొద్దీ ఆయన నోరు జారారు: “వన్ మోర్!”

ఏడుస్తున్న ఆడవాళ్లు ఆగిపోయారు. ఓదెలు వెనక్కి తిరిగాడు.

“మల్లొక్కసారి ఏంది సారూ? మీ నాయిన పోతే మల్లొక్కసారి సాగనంపిన్రా?”

బసవపున్నయ్య గారు చెప్పులు విడిచి, మోకాటిలోతు నీళ్లలో దిగి చేతులు జోడించారు. “తప్పయిపోయిందండీ.”

నకలు పటం రాయించి మళ్లీ తీయమన్నారు పైవారు. లేకుంటే చిత్రం ఆపేస్తామన్నారు. వారం రోజులు ఆయన ఎడిటింగ్ గది వరండాలో పచార్లు చేశారు. శబ్దం వేరే టేపులో పదిలంగా ఉంది.

“మీ కేక కోసేయనా సార్?” అన్నారు ఎడిటర్ శారదాదేవి గారు.

“బొమ్మ ఎలాగూ లేదు. జరిగింది జరిగినట్టు ఉంచండమ్మా.”

ప్రదర్శన రోజున పైవారి పక్కనే ఓదెలును కూర్చోబెట్టి, తాము గోడవారన నిలబడ్డారు. తెర తెల్లబడింది. నీళ్ల చప్పుడు, ఏడుపు, కేక. ఒకరిద్దరు నవ్వారు. ఓదెలు ప్రశ్న వినబడగానే నవ్వినవారు అతని వైపు తిరిగి చూశారు. చిత్రాన్ని ఆపుదామని తర్వాత ఎవరూ అనలేదు.

బయట ఓదెలే నవ్వాడు. “కొత్త పటం రాయించిన సారూ. అదీ ముసలిదైతది. అప్పుడు రాండ్రి, జర రీలు నిండ పెట్టుకొని.”

ఆనాటి నుంచి ఆయన నోట ‘వన్ మోర్’ వినలేదు.

ఈ నెలాఖరున ఆయన పదవీ విరమణ చేస్తున్నప్పటికీ, నిన్ననే మరో ఊరి బస్సు సంగతి అడిగారు. కొత్త పటానికిప్పుడు తొమ్మిదేళ్లు. పటాలు మూడు తరాలు బతుకుతాయట. అది నీళ్లకు వెళ్లే రోజున మానేరు ఒడ్డున నిలబడేంత ఆయుష్షు, ఆరోగ్యం ఆయనకు కలగాలని మనసారా కోరుకుంటున్నాము. రీలు మేము నింపి ఉంచుతాము.

పట్టాభిరామయ్య,
కెమెరా అటెండెంటు