కొండచేత పాడించిన లాప్‌టాప్

తవిటమ్మప్పా, నాకో టీ, మన సోములమ్మప్పకో టీ! ఇదిగో సోములమ్మప్పా, సైత్రంలో మీ ఊరి ఇటుకల పండక్కి ఈ ఏడు కూడా మైకుసెట్టు నాకే సెప్పాల. అరకులో బాక్సులు అద్దెకిచ్చీవోళ్ళు నలుగురున్నారు, కాదన్ను. కానీ లాప్‌టాప్‌తోటి సౌండు సరిసేసీవోడు ఈ అప్పారావొక్కడే! ప్రాసెసరని ఓ పెట్టుంటాది, దాని బుర్రంతా లాప్‌టాప్‌లో ఉంటాది. తెరమీద గీత లాగితే సాలు, బాక్సు గొంతు మారిపోద్ది.

నిరుడు సూసేవు కదా? నువ్వు థింసా పాట ఎత్తుకోగానే మైకు కుయ్యిమని కూసింది. జనం సెవులు మూసీసుకున్నారు. నేను కంగారుపడ్డానా? ఒక్క గీత కిందకి లాగేను. టక్కున ఆగింది.

"ఆగింది, ఆగింది," అంది సోములమ్మ టీ ఊదుకుంటూ.

ఆ తర్వాత ఏటయిందో తెల్సా? నీ పాట కొండకి తగిలి ఎనక్కొస్తంది, ఒకటే పాట రెండుసార్లు! దానికి డిలే అని ఉంటాది, ఎంత ఆలీసంగా రావాలో అంకె కొడితే అంత. బేగి కొట్టడంలో అంకె తిరగబడిపోనాది. ఇంకేటి, నువ్వు పాడకముందే కొండ పాడీసింది!

"అబ్బో! కొండకి పాట ముందే ఎలా తెల్సు బావూ?" అంది టీకొట్టు తవిటమ్మ.

నేర్పినోణ్ణి నేనున్నాను కదేటి! ఇంతలో కిరండూల్ గూడ్సు గడగడమంటూ వచ్చింది. పాటకి అడ్డమని ఆ గడగడ గీత కూడా కిందకి నొక్కీసేను. అంత బండీ పిల్లిలా ఎల్లిపోనాది. టైడా టేసన్లో జెండా ఊపీవోడు బండి ముక్కు ముందుకొచ్చీదాకా తలెత్తలేదు! డ్రైవరు కూతమీద కూత ఏస్తన్నాడు, సప్పుడేదీ? ఆ కూతంతా నా లాప్‌టాప్‌లో సేవైపోయుంది. ఇప్పుడు వొదిలేనంటే ఈ కొట్టు రేకులెగిరిపోతాయి!

సోములమ్మ గ్లాసు కింద పెట్టింది. సంచిలోంచి చుట్టచుట్టిన నల్ల తీగొకటి తీసి బల్లమీద పెట్టింది.

"ఇది నీదేనా బావూ?"

"నాదే! లాప్‌టాప్‌ని ఆ పెట్టెకి తగిలించీ తీగ. ఇది లేకపోతే అదీ ఇదీ మాటాడుకోవు. ఎక్కడ దొరికిందప్పా? ఎతకని సోటు లేదు!"

"నిరుడు పండగ ముందురోజు బాక్సులు దింపి, మా అరుగుమీద మర్సిపోనావు. పండగన్నాళ్ళూ మా ఇంట్లోనే ఉంది."

తవిటమ్మ పకపకా నవ్వేసింది. "మరి ఆ మైకు కూత ఎలా ఆగిందప్పా?"

"మైకు పట్టుకుని బాక్సు ముందు నిలబడ్డాను, కూసింది. బాక్సు ఎనక్కెళ్ళేను, ఆగిపోనాది."

అప్పారావుకి తల ఎత్తబుద్ధి కాలేదు. తీగని జేబులో కుక్కుకుంటూ అడిగాడు: "అయితే ఈ ఏడు మైకుసెట్టు..."

"నీ బాక్సులే పంపు బావూ, బాగా మోగుతాయి. సౌండు మా ఊరి కుర్రగుంటలు సూసుకుంటారు." సోములమ్మ సంచి భుజానికెత్తుకుని లేచింది. "నువ్వూ రా. బోయినానికి."