నలభై మూడో పిడికెడు

ఆపు బిడ్డా, భూమేష్, జర ఆ ఫోను ఆపు. ఎన్కకు తిప్పు. ఆ, గాడ. రజాకార్లు కాల్చి చంపినోళ్ల పేర్లు సదువుతుండు గదా, 'లింబాద్రి' అన్నడా లేదా? నవ్వకు. బతికున్న నా పేరు గా పట్టీల ఎట్లెక్కిందంటవా? చెప్త తియ్. శుక్రారం, డ్యూటీ లేదు, ఈ గల్ఫు దేశంల వక్రా సముద్రం గాలికి కూసున్నం, తొందరేమున్నది.

సినిమా మంచిగనే తీసిండ్రు. మనూరి బురుజు సూపిచ్చిండ్రు, వరుసగ నిలవెట్టిన జాగ సూపిచ్చిండ్రు. గని మా నాయినమ్మ ముచ్చట లేకపాయె. గంగామణి. నువ్వు సూడలే ఆమెను. గా దినం మా తాత గూడ పోయిండు, మా నాయినకు అప్పుడు పదేండ్లు. ఆమెకు అక్షరం ముక్క రాదు. ఏం జేసిందంటవ్, ఇసుర్రాయి ముందట కూసుండి పిడికెడు జొన్నలేస్తే ఒక పేరు, మల్ల పిడికెడు, మల్ల ఒక పేరు. రోజూ, సచ్చేదాక. ఒక్క దినం తప్పలే!

ఇగ ఎవలింట్ల తొట్టెల కట్టినా పోయేది. "మీ పిల్లగానికి మల్లయ్య పేరు వెట్టుండ్రి, ఆయన పేరెత్తనీకి ఎవలు మిగల్లే" అనేది. ఆడపిల్లయితే మల్లవ్వ. గునిగినోళ్ల వాకిట్ల అన్నం తినకుంట కూసుండేది, అంత జిద్దు మనిషి. బడిల పంతులు హాజరు పిలుస్తుంటే ముసలోళ్లు గోడవుతల నిలవడి వినేటోళ్లు బిడ్డా. "మల్లయ్య", "ఉన్న సార్." కండ్లు తుడుసుకునేటోళ్లు.

నాకు రావాల్సింది మా తాత పేరు, ఆనవాయితీ గదా. నాకు లింబాద్రి అని పెట్టింది. పెండ్లిగాకుంటనే పోయిన కుమ్మరోళ్ల పిల్లగాడు. నేను పెద్దగైనంక కొట్లాడిన. ఇసురుడు ఆపలే. "మీ తాతను తల్సుకోనీకి నేనున్న గదరా. లింబాద్రికి ఎవలున్నరు?" అన్నది. ముప్పై ఎనిమిదేండ్లాయె ఈ దేశమొచ్చి, ఎన్ని దేశాలోళ్లను సూసిన, అసొంటి మనిషిని మల్ల సూడలే.

గా సినిమాల ఎందర్ని సదివిండ్రు? నలభై రెండు. పోయింది నలభై మూడు. మనూరోళ్లకు ఆ పట్టీ వచ్చిందే ఇసుర్రాయి కాడికెల్లి. నలభై మూడో పిడికెడు ఏసి నోరు మూసుకునేది ఆమె. మొగని పేరు ఆడిది నోట పలుకొద్దు గదా అప్పట్ల. అందరి పేర్లు బతికిచ్చింది, ఆయన పేరే మా ఇంటోళ్లకు తప్ప ఎవలికీ తెల్వకపాయె. ఎవలికీ పెట్టలే. నాకా, పిల్లల్లేరు.

నీ కొడుకు తొట్టెల ఇయ్యాలనే గదా? ఏం పేరన్నవ్, రియాన్షా? మంచిగనే ఉన్నది. నేనేం అడుగుతలేను బిడ్డా, వాకిట్ల కూసుండనీకి ఇది మనూరు గాదు.

అగో, మోగుతుంది. నీ పెండ్లాం మమతనే. ఎత్తు, పిల్లగాని చెవుల పేరు చెప్పమని చేస్తుండొచ్చు.

ఏందిరా, ఎత్తకుంట నా మొకం సూస్తవ్?

ఆయన పేరా?

పోశన్న.