చుక్కల గీతల ఇల్లు

పంతొమ్మిది వందల తొంభై ఒకటో సంవత్సరం జూలై ఎనిమిదో తేదీ సోమవారం ఉదయం, చేతిలో ఒక అడుగు స్కేలూ, చంకలో చుట్టిన డ్రాయింగు కాగితాలూ పెట్టుకుని ఒక యువతి మా గృహరుణ సంస్థలో ప్లాన్లు గీసే ఉద్యోగంలో చేరారు. ఆ కాగితాల స్థానంలో కంప్యూటర్లు వచ్చాయి, ఆమె తల నెరిసింది, మా భవనానికి ఎన్నోసార్లు రంగులు మారాయి. ఆ చేతిలో స్కేలు మాత్రం మారలేదు. అందువల్ల ఆమె అసలు పేరు హాజరుపట్టీకే పరిమితమై, పై అధికారుల నుంచి అప్పు కోసం వచ్చేవారి దాకా అందరికీ ఆమె ‘స్కేలు మేడం’గానే సుపరిచితులయ్యారు. ఈ నెలాఖరున పదవీ విరమణ చేస్తున్న ఆ సహృదయురాలిని గురించి నాలుగు మాటలు రాయమని వీడ్కోలు సంచిక నిర్వాహకులు నన్ను ఆదేశించారు. లెక్కల విభాగంలో నా బల్ల ఆమె బల్లకు ఎదురుగా ఉండటమే నాకున్న ఏకైక అర్హత. నాలుగు మాటలతో నేను ఆగనని వారికీ తెలుసు.

తొలి సంవత్సరాలలో ఆమె విధి, అప్పు కోరేవారు తెచ్చిన ఇంటి ప్లాన్లను పరిశీలించి ఆమోదించడం. ఆ రోజుల్లో మేస్త్రీలు మా కార్యాలయం మెట్లు ఎక్కుతూనే నీరుగారిపోయేవారని చెబితే అతిశయోక్తి కాదు. మెట్టు ఎత్తు ఒక అంగుళం ఎక్కువ కనిపించినా ప్లాను వెనక్కి వెళ్లవలసిందే.

“ఒక్క అంగుళమే కదా మేడం, చూసీచూడనట్టు వదిలేయండి,” అని ఒక మేస్త్రీ బతిమాలాడు.

“మీకు ఒక్కసారి ఒక్క అంగుళం. ఆ ఇంట్లో పెద్దావిడ మోకాలికి రోజూ అంగుళమే. ఎన్నేళ్లు ఎక్కుతుందో లెక్క కట్టుకోండి,” అన్నారు మేడం, స్కేలు తీయకుండానే. మేస్త్రీ ప్లాను చుట్టుకుని వెళ్లిపోయాడు.

చిన్నది ఏళ్ల తరబడి పేరుకుంటే ఏమవుతుందో చూడగలిగే ఆ దృష్టే, పదోన్నతిపై ఆమె రుణ విభాగానికి వచ్చినప్పుడు మా అందరినీ నివ్వెరపరిచింది. అప్పు కోసం వచ్చే ప్రతివారూ అడిగేది ఒకటే ప్రశ్న: నెలకెంత? మొత్తం ఎంత అని అడిగినవారు అరుదు. మేమూ నెలకెంతో చెప్పి, సంతకాలు పెట్టించుకుని, శుభం పలికి పంపేవాళ్లం. మేడం అలా పంపలేదు. దరఖాస్తుదారు ఇంటి ప్లానునే బల్లమీద పరిచి, ఎర్ర పెన్సిలు చేతికి తీసుకునేవారు. తొమ్మిది శాతం వడ్డీకి ఇరవై ఏళ్ల గడువైతే, మొదటి నెల కట్టే ప్రతి వందలో ఎనభై మూడు వడ్డీకే పోతాయి. అందుకని ఆమె వంటింటి గట్టు మీద చిన్న ముక్కకు రంగు వేసి, “ఏడాది తిరిగేసరికి మీదయ్యేది ఇంతే,” అనేవారు. ఐదేళ్లకు స్నానాలగది, దాని పక్కన కాస్త చోటు. సగం ఇంటికి రంగు పడేసరికి పద్నాలుగేళ్లు నిండేవి. ఆ తరువాత అదే కాగితం మీద, అదే కొలతతో, చుక్కల గీతలతో మరో ఇల్లు గీసేవారు. అది ఆ ఇరవై ఏళ్లలో కట్టబోయే మొత్తం వడ్డీ. ప్రతిసారీ అది అసలు ఇంటికన్నా పెద్దదే అయ్యేది. దాని చుట్టూ ప్రహరీగా బీమా, రుసుములు, పన్నులు, గోడలకు మళ్లీ మళ్లీ వేయవలసిన రంగులు.

మొదట్లో ఆమె దానిని ‘రెండో ఇల్లు’ అనేవారు. ఒకనాడు ఒక ఇల్లాలితో, “మీవారు రెండో ఇల్లు కూడా కడుతున్నారమ్మా,” అనగానే ఆవిడ తన భర్త వైపు చూసిన చూపుకు ఆ పెద్దమనిషి కుర్చీలోనే చెమటలు కక్కాడు. నాటినుంచి మేడం ‘చుక్కల ఇల్లు’ అన్న మాటకే కట్టుబడ్డారు.

ఒక బస్సు డ్రైవరు దంపతులు వచ్చిన రోజు నాకు ఇప్పటికీ గుర్తుంది. ఆయన ఆ చుక్కల గీతలను వేలితో తడుముతూ అడిగాడు.

“ఇదెవరిల్లు మేడం?”

“మీరు కట్టేదే. మీరు ఉండేది మాత్రం కాదు.”

“ముప్పై ఏళ్లు పెట్టుకుంటే వాయిదా తగ్గుతుందని మా తమ్ముడు చెప్పాడండీ,” అంది ఆయన భార్య.

“తగ్గుతుందమ్మా, పదో వంతు తగ్గుతుంది. ఇదిగో చూడండి,” అని మేడం మొదటి చుక్కల ఇంటి పక్కనే దానిలో మూడింట రెండు వంతులంత ఇంకో ఇల్లు గీశారు. కాగితం చాలక గీతలు బల్లమీదికి వెళ్లాయి. ఆ ఇల్లాలు చాలాసేపు చూసి, పెన్సిలు అడిగి తీసుకుని తన ప్లానులోని బాల్కనీని తానే కొట్టేసింది. ఇరవై ఏళ్లు కూడా వద్దు, పదిహేను చాలంది. నేను అప్పటికి వడ్డీ లెక్కలు వేయబట్టి చాలా ఏళ్లయింది. ఆ అంకెలలో నాకు కొత్తదేమీ లేదు. అయినా ఆ కాగితం మీదనుంచి చూపు తిప్పుకోలేకపోయాను.

ఇటువంటి సేవకు తొలుత లభించినది సన్మానం కాదు, సంజాయిషీ. అప్పుల మొత్తం తగ్గుతోందని మా నాటి పెద్దసారు ఆమెను అందరి ఎదుటా నిలదీశారు.

“మేడం, మనం ఇక్కడ అప్పులిస్తున్నామా, భయాలిస్తున్నామా?”

“గుమ్మం పొట్టిదని చెప్పి రమ్మంటే తల వంచుకుని వస్తారు సార్. చెప్పకుండా రమ్మంటే తల పగలగొట్టుకుంటారు. రావడం మాత్రం ఎలాగూ వస్తారు.”

ఆయన ముఖం ఎర్రబడింది గాని, ఆమె అన్నట్టే జరిగింది. వెళ్లినవారిలో చాలామంది చిన్న ప్లాన్లతో, తక్కువ గడువుతో తిరిగి వచ్చారు. వచ్చినవారు వాయిదా తప్పలేదు. కొన్నాళ్లకు ఆ పెద్దసారే, అందరూ భోజనానికి వెళ్లిన వేళ చూసుకుని, తన ఇంటి ప్లాను మడిచి జేబులో పెట్టుకొచ్చి, “నాదొకటి గీస్తారా మేడం?” అని అడగడం నేను కళ్లారా చూశాను. గీసిన తరువాత ఆయన ఆ పూట భోజనానికి వెళ్లలేదు.

రెండు వేల ఆరులో మేడం తమ సొంత ఇంటికోసం మా సంస్థలోనే ఇరవై ఏళ్ల అప్పు తీసుకున్నారు. నీటి సరఫరా విభాగంలో పంపుల మెకానిక్కుగా పనిచేసే భర్త, బడికి వెళ్లే కూతురు, అరవై ఎనిమిదేళ్ల అత్తగారు ఆమె కుటుంబం. అందరికీ గీసిన చేయి తన ఇంటికి గీయకుండా ఊరుకుంటుందా? ప్లానును వంటింటి గోడకు అతికించి, పక్కన చుక్కల ఇల్లు గీసి, ఇంటిల్లిపాదినీ కూర్చోబెట్టి వివరించారు. ఆమె పద్ధతి ప్రకారం రంగు ఎప్పుడూ పెరటి వైపు నుంచే మొదలవ్వాలి. అత్తగారి గది వీధి మూలన, విడిగా ఒక తలుపుతో, ఇంచుమించు చివర ఉంది.

“మరి నా గది ఎప్పుడు మనదవుతుందే?” అని అడిగారు అత్తగారు.

“పద్దెనిమిదో ఏట అత్తయ్యా.”

“అప్పటికి నాకు ఎనభై ఆరు. అంటే గది మనదయ్యాక అందులో నా ఫొటో పెడతారన్నమాట!”

అందరూ నవ్వారు, మేడం నవ్వలేదు. అంగుళానికి మేస్త్రీలను వెనక్కి పంపిన ఆ మనిషి, జీవితంలో మొదటిసారి తన పద్ధతిని తానే తప్పి, ఎర్ర పెన్సిలును అత్తగారి గది మూలన పెట్టారు. మొదటి ఏడాది మంచం కోడు దగ్గర ఒక ముక్క ఎర్రబడింది.

మూడేళ్లు గడిచాయి. సగం గదికి రంగు పడిన సమయంలో వడ్డీ వందకు ఒకటి పెరిగింది. మా సంస్థలో వడ్డీ పెరిగితే వాయిదా పెరగదు, గడువు పెరుగుతుంది. అందుచేత జేబుకు ఏమీ తెలియదు. ఆ ఒక్క శాతానికి మేడం గడువు మూడేళ్లకు పైగా జరిగిపోయి, పదవీ విరమణ దాటి అవతల పడింది. జీతం ఆగిన తరువాత వాయిదా ఎవరు కట్టాలి? ఆ ఆదివారం మేం దంపతులం వారింటికి వెళ్లేసరికి మేడం వంటింటి గోడ దగ్గర నిలబడి చుక్కల ఇంటికి కొత్త గదులు చేరుస్తున్నారు.

“ఇదేంటే, ఇటుక పెట్టకుండానే గదులు లేస్తున్నాయి?” అన్నారు అత్తగారు. కోడలు విషయమంతా దాచకుండా చెప్పింది. పెద్దావిడ విని, తన గది వైపు ఒకసారి చూశారు.

“ఆ గదికి వీధిలోకి తలుపుందిగా. అద్దెకిచ్చేద్దాం. ఆ డబ్బంతా అసలుకే కట్టు.”

“వద్దత్తయ్యా. అది మీ గది.”

“నాదనే కదా అంటున్నా. మంచమున్న సగం నాదయిందని నువ్వే గీశావు. నాది నేను అద్దెకిచ్చుకుంటా, నీకేంటి మధ్యలో?”

“మరి మీరెక్కడ పడుకుంటారు?”

“హాల్లో, మనవరాలి పక్కన. అది నిద్రలో తన్నుతుంది, నేను గురక పెడతా. చెల్లుకు చెల్లు!”

వారం తిరిగేసరికి ఆ గదిలోకి కుట్టుమిషనుతో సహా ఒక టైలరు వచ్చి చేరాడు. అతడిచ్చే అద్దె, మేడం కట్టే వాయిదాలో ఎనిమిదో వంతు. ఆ కాస్తను ఆమె ఒక్క నెలైనా ఇంటి ఖర్చుకు వాడుకోలేదు, నేరుగా అసలుకే జమ చేయించారు. ఏడాదికొకసారి లెక్క చూసుకుని, తగ్గిన మేరకు చుక్కల ఇంటిని చెరపడం ఆ ఇంట ఆనవాయితీ అయింది. చెరిపే అధికారం అత్తగారిది. ఆవిడ రబ్బరును కొంగున ముడివేసుకుని తిరిగేవారు. “ఈ ఏడు ఏం పడగొట్టమంటావు?” అని కోడలిని అడిగి, ముక్కుమీద కళ్లజోడు సర్దుకుని, గీత తరువాత గీతను శ్రద్ధగా తుడిచేవారు. ఎనిమిదో వంతు అద్దె ఐదేళ్లకు పైబడిన అప్పును చెరిపేసింది. ఈ మాటను నేను నమ్మలేక, మా విభాగంలో కూర్చుని పదేపదే లెక్క వేసి చూసుకున్నాను. లెక్క సరిగానే ఉంది. నాకు మాత్రం దాని మీది ఆశ్చర్యం ఈనాటికీ తగ్గలేదు.

ఈ కాలమంతా మేడం కార్యాలయంలో విభాగాధిపతిగా ఎదిగి, కొత్తగా చేరిన ప్రతి ఉద్యోగికీ ముందు పెన్సిలు పట్టడం నేర్పి, తరువాతనే సంతకం పెట్టనిచ్చారు. ‘నెలకెంత’ అన్న ప్రశ్నకు ‘మొత్తం ఎంత’తో కలిపి జవాబు చెప్పడం నేడు మా శాఖలో అలవాటైందంటే అది ఆమె పెట్టిన భిక్ష. చెప్పిన సలహా విననివారిని ఆమె ఎన్నడూ చిన్నబుచ్చలేదు. ముప్పై ఏళ్లకే మొగ్గు చూపినవారికి కూడా, ఏడాదికి ఒక్క వాయిదా అదనంగా కట్టినా ఎనిమిదేళ్లు ముందుగా బయటపడవచ్చని చెప్పి, తలుపుదాకా సాగనంపేవారు.

రెండేళ్ల క్రితం, విరమణ ఇంకా దూరాన ఉండగానే, మేడం తమ చివరి వాయిదాను చెల్లించారు. ఆ సాయంత్రం మమ్మల్ని ఇంటికి పిలిచారు. వంటింటి గోడమీద పెరటి గుమ్మం దగ్గర మిగిలిన ఆఖరి ముక్కకు రంగు వేసి, పెన్సిలు కింద పెట్టారు. టైలరు అప్పటికే పక్క వీధిలో సొంత కొట్టు పెట్టుకున్నాడు. వెళుతూ వెళుతూ ఆ గది కిటికీకి కొత్త పరదా కుట్టి తగిలించి వెళ్లాడు. మేడం భర్తా, నేనూ చెరోవైపు పట్టుకుని మంచాన్ని తిరిగి ఆ గదిలోకి చేర్చాం. అత్తగారు గుమ్మం దాటి, మంచంమీద కూర్చుని, నాలుగు గోడలనూ తీరికగా చూసి కోడలిని పిలిచారు.

“ఇప్పుడు నాకెన్నేళ్లే?”

“ఎనభై ఆరు అత్తయ్యా.”

“చూశావా? నా ఫొటో కాదు, నేనే వచ్చాను.”

మేడం ఆ మాటకు నవ్వబోయి, ఆవిడ ఒళ్లో తల పెట్టుకుని ఏడ్చేశారు. ఇన్నేళ్ల సాహచర్యంలో ఆమె కన్నీరు నేను చూసింది అప్పుడొక్కసారే.

ఈ నెలాఖరున జరిగే వీడ్కోలు సభలో ఆ అత్తగారు మొదటి వరుసలో కూర్చోబోతున్నారు. కబురు తెలిసి, తమ బాల్కనీ లేని ఇంటినుంచి డ్రైవరు దంపతులూ వస్తామన్నారు. మొన్న నేను ఆహ్వానం అందించడానికి వెళ్లినప్పుడు పెద్దావిడ నన్ను వంటింట్లోకి తీసుకుపోయి, గోడమీద రబ్బరు తుడిచి తుడిచి మసకబారిన చోటును చూపిస్తూ, “ఇక్కడ చెరిపిన ఏళ్లన్నీ ఎక్కడికి పోయినట్టు నాయనా?” అని అడిగారు. లెక్కల విభాగంవాణ్ణి అయినా నాకు జవాబు తోచలేదు. ఇంటికి వచ్చి, ఈ వ్యాసం రాయడానికి కూర్చున్నాక తోచింది.

అమ్మా, అవి ఎక్కడికీ పోలేదు. మీ ఇంట్లోనూ, ఈ ఊరి వీధులలో మీ కోడలు పెన్సిలు పట్టి నిలబెట్టిన ఎన్నో ఇళ్లలోనూ చెరిగిపోయిన ఆ ఏళ్లన్నిటికీ హక్కుదారు ఆమే. అవన్నీ ఆమె ఆయుష్షులో జమ కావాలనీ, మోకాళ్ల నొప్పి లేని ఆరోగ్యంతో, కళ్లజోడు అవసరం లేని చూపుతో, ఎవరికీ ఏ వాయిదా బాకీ లేని ఉదయాలను ఆమె మీ గది కిటికీ దగ్గర మీ పక్కనే కూర్చుని చిరకాలం అనుభవించాలనీ, మా కార్యాలయ సిబ్బంది యావన్మంది పక్షాన మనసారా కోరుకుంటున్నాను. ఆ రబ్బరును మాత్రం మీరు కొంగున ముడి విప్పకండి. ఆమె ఆయుష్షు మీద మేము గీసే ఈ గీతను ఎవరూ చెరపకుండా కాపలా కాయవలసింది మీరే.