స్నానాలగదిలో దొంగ

పొద్దున బస్సులో గొడుగు పోగొట్టుకుని, మధ్యాహ్నం ఆఫీసరు చొక్కా మీద టీ ఒలకబోసి, ఈసురోమంటూ ఇల్లు చేరిన ఓ భర్తకు తలుపు బార్లా తెరిచి కనిపించింది. లోపల చీపురుపుల్ల కూడా లేదు. వెంటనే భార్యకు ఫోన్ చేశాడు.

“కొంప మునిగిందే! దొంగలు ఇల్లంతా ఊడ్చుకుపోయారు. మంచం లేదు, బీరువా లేదు!”

“అదేంటండీ? నేను మంచం మీదే కూర్చున్నాను. బీరువా నా ఎదురుగానే ఉంది.”

“నువ్వెక్కడున్నావ్?”

“ఇంట్లో.”

“నేనూ ఇంట్లోనే ఉన్నానే! మరి నాకు కనబడవేం?”

“నా ఖర్మ! నిన్ననేగా మనం ఇల్లు మారాం? అలవాటు కొద్దీ పాత ఇంటికి పోయారా?”

“అవునే… మర్చేపోయాను!”

“సర్లెండి, బయల్దేరి రండి.”

“ఎలా రానే? స్నానాలగదిలో దొంగ ఉన్నాడు. చప్పుడు విని బయట గడియ పెట్టేశాను.”

“అయ్యయ్యో! కుళాయిలు సరిగ్గా కట్టేశామో లేదో చూసొస్తానని మా నాన్న అక్కడికే వెళ్ళారండీ!”

“మీ నాన్నా! దొంగ నన్ను ‘అల్లుడుగారూ, అల్లుడుగారూ’ అంటున్నాడేమిటా అని ఇందాకట్నుంచీ బుర్ర బద్దలుకొట్టుకుంటున్నానే!”