ముద్ర పడని నిరూపణ

సైబీరియాలో ఒక విజ్ఞాన నగరం, అందులో ఓ గణిత సంస్థ, ఆ సంస్థలో ఇనప తలుపున్న గది. పత్రికకి వెళ్ళే ఏ వ్యాసమైనా ఇక్కడ ముద్ర వేయించుకునే గడప దాటాలి. 1974 మార్చి, మధ్యాహ్నం. బల్ల వెనక రహస్యాల బీరువాకి కాపలా ఫయీనా లుకీనిచ్నా. బల్ల ముందు, తొమ్మిదేళ్ళ పని చంకలో పెట్టుకుని నాలుగోసారి వచ్చి నిలబడ్డవాడు గణితజ్ఞుడు గ్లేబ్ సవ్విచ్.

"మళ్ళీ గురువారం రమ్మంటారా?"

"రమ్మనలేదు. వస్తే చూద్దామన్నాను."

"పోయిన గురువారం ఇంకు ఎండిపోయిందన్నారు. అంతకు ముందు గురువారం డైరెక్టరు మాస్కోలో ఉన్నారన్నారు. అంతకు ముందు మీకే జలుబన్నారు. ఫయీనా లుకీనిచ్నా, ఆ ఇంకు డబ్బా నిగనిగలాడుతూ మీ మోచేతి పక్కనే ఉంది."

"చూశారా, తెప్పించాను. నేనేమీ ఊరికే కూర్చోలేదు, గ్లేబ్ సవ్విచ్."

"అయితే వెయ్యండి."

"టీ తాగుతారా? చక్కెర ముక్కలు కూడా ఉన్నాయి."

"టీ వద్దు. ముద్ర కావాలి."

"ఫారం సరిగ్గా నింపారో లేదో చూడాలిగా. ఓసారి మీరే చదవండి. నా కళ్ళద్దాలు ఎక్కడో పెట్టాను."

"మీ ముక్కు మీదే ఉన్నాయి."

"చదవండి."

"'జతపరిచిన వ్యాసంలో కొత్త విషయమేదీ లేదనీ, దాని ప్రచురణ వల్ల రాజ్యానికి ఏ నష్టమూ లేదనీ ధ్రువీకరిస్తున్నాం.' కింద మూడు సంతకాలు. తొమ్మిదేళ్ళు కూర్చుని కనుక్కున్నదాంట్లో కొత్తేమీ లేదని నేనే సంతకం పెట్టాను. ఇంకా ఏం కావాలి మీకు?"

"అందరూ అలాగే పెడతారు. అందులో బాధపడేదేముంది."

"బాధపడ్డం లేదు. ఒప్పుకుంటున్నాను. కొత్తేమీ లేదు, పాతదే, మా అమ్మమ్మకి కూడా తెలుసు. ముద్ర వెయ్యండి. ఏప్రిల్ ఒకటికి పత్రిక ఆ సంచిక మూసేస్తుంది. అది దాటితే నా డాక్టరేటు మళ్ళీ ఏడాదికి. ఏడాది తర్వాత నా కుర్చీ ఉంటుందా? మాస్టారు పోయాక మా విభాగం ఎవరికి కావాలి? ఏ ట్రాక్టర్ల ఫ్యాక్టరీకో పంపి బోల్టుల లెక్కలు కట్టిస్తారు."

"నిన్న మాస్టారు పోయిన నలభయ్యో రోజు భోజనాలకి వెళ్ళారా?"

"వెళ్ళాను. మీరే రాలేదు."

"రాలేకపోయాను."

"అందరూ అడిగారు. మాస్టారి భార్య అట్లు పోస్తూ, మీకని ఒకటి పక్కన పెట్టింది. పదిహేనేళ్ళు ఒకే కప్పు కింద పనిచేశారు, రాకపోవడమేమిటి?"

"కాళ్ళు సాగలేదు. ఆవిడ మొహం ఎలా చూడను?"

"ఎందుకు చూడలేరు?"

"టీ చల్లారిపోతోంది."

"నేను టీ వద్దన్నాను. ఎందుకు చూడలేరు?"

"మీ వ్యాసం మొదటి పేజీలో ఆయన పేరు రాశారు కదూ."

"'నా గురువు జెలెనీన్ స్మృతికి.' ఆయన ఇచ్చిన లెక్క, ఆయనకే ఇచ్చుకున్నాను. అది కూడా నిషేధమా?"

"తీసెయ్యలేరా?"

"ఏం మాట్లాడుతున్నారు?"

"ఊరికే అడిగాను."

"మీరు ఊరికే ఏదీ అడగరు. నన్నెవరు ఆపుతున్నారో చెప్పండి. పేరు చెప్పండి చాలు, నేను వెళ్ళి మాట్లాడుకుంటాను."

"ఎవరూ లేరు."

"మరి?"

"ఇంటికి తీసుకెళ్ళి ఇంకోసారి సరిచూసుకోండి. మొదట్నుంచీ."

"ఏమిటి సరిచూసుకునేది?"

"మీ లెక్క."

"మీరు చెప్తున్నారు. బీరువా తాళాలు చూసుకునే మనిషి."

"అవును, నేనే. నవ్వండి."

"నవ్వు రావడం లేదు. మాస్టారు కూడా అదే మాట. ప్రతి సోమవారం సెమినార్ అయ్యాక కోటు తొడుక్కుంటూ 'గ్లేబ్, నీకు నమ్మకమేనా?' అనేవారు. హుషారు చెయ్యడానికి అంటున్నారనుకునేవాణ్ణి."

"అసలు మీరు నిరూపించిందేమిటి? నాకర్థమయ్యే మాటల్లో చెప్పండి."

"చెప్తే వేస్తారా?"

"చెప్పండి."

"ఆకాశంలో ఒక ఉపగ్రహం తన చుట్టూ తాను తిరుగుతోంది. దాన్ని వేలితో కాస్త తాకామనుకోండి. అక్కడ గాలి లేదు, ఆపేది లేదు, కాస్త ఊగుతుంది. ఆ ఊపు ఎప్పటికీ ఆ కాస్తలోనే ఉంటుందా, లక్షేళ్ళకో కోటేళ్ళకో మొత్తం తిరగబడుతుందా? దానికి హామిల్టన్ సమీకరణాలున్నాయి. ఆ సమీకరణాల లోపల గోడల్లాంటివి ఉంటాయి, కదలిక వాటిని దాటలేదు. రెండు దిక్కుల్లో ఊగేదైతే ఆ గోడలు గదులు కడతాయి, లోపలున్నది లోపలే. మూడు దిక్కులైతే గోడలుంటాయి గానీ మధ్యలో సందులు. సందులు పట్టుకుని నెమ్మదిగా జారిపోవచ్చు. నా సమీకరణంలో ఏ సందూ బయటికి పోదని నిరూపించాను. నూట పన్నెండు పేజీలు."

"సందులు లేవంటారు."

"సందులున్నాయి. బయటికి దారి లేదు."

"దారి లేదు."

"లేదు. నా వైపు అలా చూస్తారేమిటి?"

"ఆ ఫోను డయల్ చివరిదాకా తిప్పి పెన్సిల్ దూర్చండి."

"మనం ఏం మాట్లాడుతున్నామని…"

"దూర్చండి. అవతల చెవి పెట్టినవాడికి ఏదీ వినపడకూడదు. తలుపు గడియ కూడా వెయ్యండి."

"వేశాను. ఇప్పుడు నాకు భయమేస్తోంది."

"నాకు నలభై రోజులుగా వేస్తోంది."

"ఆగండి. నాకర్థమైంది. ఈ లెక్క ఇంతకు ముందే ఎవరో చేసేశారు. రహస్యమని చెప్పి ఆ బీరువాలో పెట్టారు. అంతేనా? మీరు నోరు విప్పొద్దు, తల ఊపండి."

"తల ఊపడం కూడా నేరమే. పాతికేళ్ళు నోరు విప్పనని సంతకం పెట్టాను."

"పోనివ్వండి. నిజంగా నాకేం బాధ లేదు. రెండోవాణ్ణయినా ఫరవాలేదు. ఎవరో ముందే నిరూపించారంటే నాది ఒప్పన్నమాటేగా. అది చాలు నాకు."

"ఎవరో ముందే నిరూపించి ఉంటే ఈ ఫారంలో రాసింది అక్షరాలా నిజమయ్యేది. మొదటి గురువారమే ముద్ర కొట్టి పంపేసేదాన్ని."

"అంటే?"

"అంటే అంతే."

"అంటే… నిరూపించలేదా? మరి ఆ బీరువాలో ఏముంది?"

"కూర్చో నాయనా."

"దారి ఉందని రాసి ఉందా?"

"కూర్చోమన్నానా."

"కూర్చున్నాను. చెప్పండి. దారి ఉందనా?"

"ఉందనే."

"ఎవరు రాశారు?"

"అరవై రెండులో. నేనప్పుడు ఇక్కడ టైపిస్టుని. ఒకటే ప్రతి. చిత్తు రాసుకున్న నోటుపుస్తకం నా కళ్ళెదుటే పొయ్యిలో వేశారు. మర్నాటి నుంచి ఆ మాట కట్టుకున్న భార్యకి కూడా చెప్పకూడదు."

"భార్యకి."

"అవును."

"నిన్న మీకు అట్టు పక్కన పెట్టినావిడకి."

"అవును నాయనా."

"అరవై అయిదులో నాకీ లెక్క ఇచ్చింది ఆయనే. దారి లేదని నిరూపించు గ్లేబ్ అన్నారు."

"అలా అన్నారా, దారి ఉందో లేదో చూడమన్నారా?"

"నాకు గుర్తు లేదు. ఏమన్నా ఒకటే. ఆయనకి తెలుసు. తొమ్మిదేళ్ళు నా ఎదురుగా కూర్చుని చూస్తూ ఉన్నారు. నా భార్య పెట్టె సర్దుకుని వెళ్ళిపోయిన వారం కూడా 'లెక్క మానకు' అన్నారు. తెలిసే అన్నారు. నన్ను గొయ్యి తవ్వనిచ్చి గట్టున కూర్చున్నారు."

"తిట్టుకో. ఆ హక్కు నీకుంది. కానీ ఆయన నోరు తెరిస్తే జైలు. తను చెప్పలేనిది నువ్వు సొంతంగా కనుక్కుంటావనుకున్నారు. నువ్వు కనుక్కుంటే అది బయటి లెక్క, అచ్చవుతుంది. అందుకే నీకిచ్చారు. సోమవారం మీ సెమినార్ అయ్యాక ఇక్కడికొచ్చి 'గ్లేబ్ ఏమైనా తెచ్చాడా?' అని అడిగేవారు. దారి ఉందని కాగితం తెస్తావని ఎదురుచూశారు."

"నేను డిసెంబర్లో తెచ్చాను."

"తెచ్చావు. లేదని."

"నన్ను కావిలించుకున్నారు. కళ్ళ నీళ్ళు పెట్టుకున్నారు. సంతోషమనుకున్నాను."

"ఆ సాయంత్రం ఇక్కడికొచ్చారు. నువ్వు కూర్చున్న కుర్చీలోనే. తన రిపోర్టు ఒక్కసారి చూపించమన్నారు. డెబ్బై నాలుగేళ్ళ మనిషి, పన్నెండేళ్ళ కిందటి రాత. ఆ ఉదాహరణ ఎలా కట్టారో గుర్తు రావడం లేదట. మళ్ళీ కడదామని చూశారట, చేత కాలేదట. అది చూస్తే నీ తప్పెక్కడుందో పట్టుకుని, ఏదో వంకతో నీ చెవిన వేస్తానన్నారు."

"చూపించారా?"

"రిటైరయ్యాక ఆయన అనుమతి రద్దయింది. సొంత రాత చూసే హక్కు ఆయనకి లేదు. రూలు చదివి వినిపించాను. మూడుసార్లు వచ్చారు. మూడుసార్లూ వినిపించాను. నాలుగోసారి రాలేదు. అప్పటికే పోయారు."

"మీరా పని ఎలా చెయ్యగలిగారు?"

"భయపడి. ఇంకెలా చేస్తారు ఎవరైనా?"

"సరే. మీరే టైపు చేశారు కదా. ఏముందో నాకు చెప్పండి."

"మాటలే నేను కొట్టింది. సూత్రాలు మిషన్లో ఉండవుగా. ఆ చోట్లు వదిలేస్తే తర్వాత రాసినవాళ్ళే చేత్తో నింపుకుంటారు."

"ఆ మాటలే చెప్పండి."

"'అందువల్ల ఎంత దగ్గర నుంచి మొదలుపెట్టినా, కొంత కాలానికి కదలిక దూరం పోతుంది. ఉదాహరణకి.' అక్కడ మూడు వరసలు వదిలాను."

"తర్వాత?"

"'ఇక్కడ మూడు ఊపుల నిష్పత్తి.' ఓ వేలెడు చోటు. 'కాబట్టి హారం ఎంత చిన్నదైనా.' ఆ తర్వాత సగం పేజీ."

"ఏ హారం? నా అరవై నాలుగో పేజీలో రెండు హారాలు వస్తాయి. రెండోది మరీ చిన్నదైపోకుండా ఆపాననుకున్నాను. అక్కడేనా? ఆ నిష్పత్తి పూర్ణసంఖ్యలదా?"

"నాకేం తెలుసు నాయనా. వేలెడు చోటు."

"బీరువా తెరవండి."

"గ్లేబ్."

"మీ వెనకే ఉంది. తాళంచెవి మీ మెళ్ళో ఉంది. ఆ మూడు వరసలు చూపిస్తే చాలు. నాది తప్పని తెలిస్తే ఇక్కడే చించేస్తాను, ఏడవను కూడా. తప్పో ఒప్పో తెలియకుండా మిగతా బతుకు ఎలా బతకను? రేపు ఇది అచ్చయి, ఆయన పేరు కింద అబద్ధమైతే? అచ్చు కాకుండా ఆగిపోయి, నిజమైతే?"

"తెరిస్తే నాకేమవుతుందో తెలుసా?"

"తెలుసు. తెలిసీ అడుగుతున్నాను. సిగ్గు లేకుండా అడుగుతున్నానమ్మా."

"సిగ్గుపడకు. ఆయన పోయిన మర్నాడే తెరిచాను."

"తెరిచారా?"

"ఆయనకి చూపించనిది నీకైనా చూపిద్దామనుకున్నాను. లక్క పగలగొట్టాను, దారం విప్పాను. కోటు లోపల పెట్టుకుని మీ ఇంటిదాకా వచ్చాను. మీ మెట్ల దగ్గర దీపం కింద ఒకసారి తిరగేసి, పైకి ఎక్కలేక వెనక్కి తిరిగాను."

"ఎందుకు? అంత దూరం వచ్చి ఎందుకు తిరిగి వెళ్ళారు?"

"అరవై రెండులో నేను ఆఖరి పేజీ మిషన్లోంచి తీసేసరికి ఆరవుతోంది. ఆరింటికల్లా సీలు పడాలని రహస్యాల కమిషన్ వాళ్ళు గుమ్మంలో నిలబడ్డారు. పేజీలు లెక్కపెట్టారు, దారంతో కుట్టారు, లక్క పోశారు, ఒక్కడూ చదవలేదు. చేత్తో రాసుకోడానికి ఆయనకెవరూ టైమివ్వలేదు. ఆ హడావిడిలో నాకూ తట్టలేదు. ముసలితనంలో రాశాననే అనుకున్నారు పాపం. నీది తప్పో ఒప్పో చెప్పాల్సిన ఆ మూడు వరసల చోట తెల్ల కాగితమే ఉంది నాయనా."