బొట్టుబిళ్ల కింద రైలు

"ఆ బాణాన్ని గాడికి పోనియ్యకు బిడ్డా. దూరం పెట్టు, జర దూరం పెట్టు."

"మావయ్యగారూ, నేనింకా మౌస్ పట్టుకోనే లేదు."

"పట్టుకునే ముందే చెప్తున్న. ఆ మూలకు పోవద్దు."

"ఆ మూలన తెర మీద అత్తయ్యగారి బొట్టుబిళ్ల ఏంటి?"

"నేనే అంటించిన. దాని కింద రైలు ఆట ఉన్నది."

హుస్సేనీ ఆలంలో ఓ ఇంటి మేడగది, ఆదివారం సాయంత్రం అయిదు కావస్తోంది. అఫ్జల్‌గంజ్‌లో నలభై ఏళ్లుగా తాళ్లూ టార్పాలిన్లూ అమ్ముతూ ఎవరికీ తల వంచని వైకుంఠం, ఇవాళ కోడలు హరిప్రియ పక్కన స్టూలు మీద ఒదిగి కూర్చున్నాడు, పాపం. కింద వంటింట్లో ఆయన భార్య రుక్మిణమ్మ ఉంది. ఆవిడ పైకి రాకముందే పని కావాలని ఆయన తొందర.

"బొట్టుబిళ్ల పెడితే ఆట ఆగుతుందా అండీ?"

"ఆట ఆగదు, నా చెయ్యి ఆగుతది. నలభై దినాలు ఆగింది గద. ఇయ్యాల నలభై ఒకటి. ఆరు గంటలకు మీ అత్త దీపం పెడ్తది, నా ఒట్టు తీరుతది. అప్పటిదాంక ఆట తెరిచేది లేదు."

"మరి నన్నెందుకు పిలిచారు?"

"తెరవకుంట సెట్టింగులు మార్చాలె."

"తెరిస్తేనే కదండీ సెట్టింగులు కనిపించేది."

"గట్లనకు. నువ్వు కంప్యూటర్ల నౌకరి చేస్తవ్. ఏదో తొవ్వ ఉంటది."

"ఆరింటికి తెరిచి మార్చుకోవచ్చుగా."

"ఆరుకే పోటీ. జగన్నాథరావు ఆరంటె ఆరే. రైల్వేల ముప్పై ఏండ్లు చేసి రిటైరైన మనిషి. ఆయన ఉప్పుగూడల తన ఇంట్ల నొక్కుతడు, నేను గిక్కడ నొక్కాలె. సికింద్రాబాద్ నుంచి ఫలక్‌నుమా దాంక ఎవ్వని రైలు సరిగ్గ టైముకు పోతదో చూసుడు. నా బ్రేకు మీటేమో ఖరాబున్నది. కింద పొడుగు మీట లేదా, గది. దాని మీద..."

"దాని మీద?"

"ఏదో పడ్డది."

"ఏం పడింది మావయ్యగారూ?"

"తొక్కు నూనె."

"ఆవకాయ తింటూ రైలు నడిపారా?"

"స్టేషన్ల ఆగినప్పుడే తిన్న."

"సరే. ఒక్క నిమిషం తెరిచి, మార్చేసి, మూసేద్దాం. ఎవరికి తెలుస్తుంది?"

"తొక్కుకు తెలుస్తది."

"ఏమిటీ?"

"నేను ఒట్టు దేని మీద వేసిన్నో ఎరుకనే గద నీకు."

"మీ నోటితో వింటే బాగుంటుంది."

"కొత్త తొక్కు జాడి మీద. చెయ్యి పెట్టిచ్చి మరీ అనిపిచ్చింది, నలభై ఒక్క దినాలు ఆట తెరవ అని. తప్పితె తొక్కు బూజు పడ్తదంట. ఏడాది తొక్కు బిడ్డా. రెండు జాడీలు. ఏడాది పొడుగున ఇంట్ల అందరు చప్పిడి పప్పన్నం తినుకుంట నా దిక్కు గుర్రుమని చూస్తరు."

"మీరు నమ్ముతారా అవన్నీ?"

"నమ్మ. గని తొక్కుతోటి పరాచికాలా?"

"అసలు అంత ఒట్టు ఎందుకు వేయించారు అత్తయ్యగారు?"

"ఏదో జర లేటైంది."

"జర అంటే?"

"జర అంటె జరనే."

"మావయ్యగారూ."

"గంటన్నర."

"ఎక్కడ?"

"ఉప్పుగూడ స్టేషన్ల. ఆమె చెల్లె ఇంటికాడ్నుంచి రెండు తొక్కు జాడీలు పట్టుకొని దిగింది. నేను స్కూటర్ మీద పోయి తీస్కరావాలె. ఇగ అయిపోయిన ముచ్చట తవ్వుడెందుకు?"

"మీకు ఫోన్ చేశారుగా?"

"చేసింది. బయలెల్లిన అన్న."

"ఎన్నిసార్లు అన్నారు?"

"నాలుగు."

"అప్పటికి మీరు ఎక్కడున్నారు?"

"మలక్‌పేట దాటిన."

"స్కూటర్ మీదా?"

"రైలుల. ఆటల."

"జగన్నాథరావుగారి ఇల్లు స్టేషన్ పక్కనే కదండీ. ఆయనకైనా చెప్పొచ్చుగా."

"ఆయనకు సుత చేసింది. వస్తున్నానమ్మా అన్నడు. ఆయన అప్పుడు యాకుత్‌పుర కాడ ఉన్నడు."

"ఆటలో."

"ఆటలనే. ఇద్దరం పోటీల ఉంటిమి గద. ఆయన భార్య బాలత్రిపురసుందరమ్మ గుడికి పోయిందంట, లేకుంటె ఆమెనే ఉరికొచ్చేది. ఇంటికొచ్చినంక ఆయనను మస్తు తిట్టిందంట."

"మరి ఆటలో ఉప్పుగూడ రాలేదా?"

"వచ్చింది. ముప్పై సెకన్లు ఆపిన. ఒక్క సెకను ఎక్కువ లేదు, తక్కువ లేదు. టైముకు ఫలక్‌నుమా పోయిన. జగన్నాథరావు మీద గెల్చుడు గదే మొదలు."

"సంతోషించారా?"

"ఏం సంతోషం. అటు ఫోను మోగుతనే ఉండె."

"ఊఁ. సరే, చూడండి. ఈ ఆటకి ఒక ఫైల్ ఉంటుంది. సెట్టింగులన్నీ అందులో అక్షరాల్లో రాసుంటాయి. దాన్ని తెరిచి, మార్చి, సేవ్ చేస్తే చాలు."

"తెరుచుడు అన్నవ్."

"ఫైల్ తెరుస్తామండీ. ఆట కాదు."

"ఫైల్ ఆట కాదు గద? ఖాయమా?"

"మీ దుకాణం బోర్డు దుకాణమా? ఇదీ అంతే."

"గట్ల చెప్పు. తెరువు మరి. ఆఁ, ఆఁ, బొట్టుబిళ్ల దిక్కు పోవద్దు. కింది నుంచి తిప్పుకొని పో."

"తిప్పుకునే వెళ్తున్నా. ఇదిగో, వచ్చేసింది."

"గింత జల్దినా? డబ్బాల డబ్బా, దాంట్ల ఇంకో డబ్బా ఉన్నది. నువ్వేమో సీదా పోయినవ్, రోజు పోయేదాని లెక్క."

"ఆఫీసులో ఇదే పనండీ. బ్రేక్‌కి ఏ మీట కావాలి?"

"బి పెట్టు. అది మంచిగున్నది."

"పెట్టాను. హారన్ చప్పుడు యాభై ఉంది."

"నూరు చెయ్యి."

"కింద అత్తయ్యగారికి వినిపిస్తుంది."

"అరవై చెయ్యి."

"చేశాను. స్టేషన్ పేర్ల అక్షరాలు పెద్దవి చేయమంటారా? కళ్లజోడు మాటిమాటికీ వెతుక్కుంటారు."

"చెయ్యి, చెయ్యి. బిడ్డా, రైలు జోరు పెంచే లైను గిట్ల ఉంటదా దాంట్ల?"

"మావయ్యగారూ."

"ఉత్తగనే అడిగిన. ఇంక కిందికి పో, ఏమేం ఉన్నయో చూద్దం."

"కింద ఏం లేదండీ."

"ఉన్నది. యూ తోటి ఏదో కనవడ్డది."

"అది యూనిట్లు. కిలోమీటర్లా మైళ్లా అని."

"యూనిట్లకు గంత పొడుగు మాటనా?"

"సేవ్ చేసేశాను. మూసేస్తున్నా."

"ఆగు, ఆగు. గాజుల సప్పుడు. మెట్లెక్కి వస్తున్నది. బిడ్డా, నువ్వు గిక్కడెందుకు ఉన్నవంటె ఏం చెప్తవ్?"

"నిజం చెప్తాను."

"గట్లెట్ల బిడ్డా, నువ్వు నా దిక్కు కాదా?"

"ఏం నడుస్తున్నది మామకోడళ్ల నడుమ?"

"ఏం లేదు రుక్మిణీ. దుకాణం పని. టార్పాలిన్ల సైజులు చూస్తున్నం."

"ఆదివారం నాడు?"

"వాన వస్తె ఆదివారం చూస్తదా?"

"అత్తయ్యగారూ, మావయ్యగారు ఆట తెరవలేదు. సెట్టింగుల ఫైల్ మార్పించుకున్నారు, అంతే."

"గంత సీదా చెప్పేస్తవా బిడ్డా? రుక్మిణీ, నువ్వు నారాజ్ కాకు. ఆట ముట్టలే. అగో చూడు, బొట్టుబిళ్ల అంటిచ్చిన కాడ్నే ఉన్నది."

"గది నాదా?"

"ఒక్కటే తీసుకున్న."

"ఒట్టుల ఏమన్నరు మీరు?"

"ఆట తెరవ అన్న. ఫైల్ ముచ్చట ఒట్టుల లేదు. నువ్వు అనుమంటె అందును, నువ్వే అనలే."

"అంటె ఆట తెరవకుంట ఫైల్ల ఏం రాసినా తప్పు లేదంటరు."

"తప్పే లేదు."

"ఎవ్వరు రాసినా?"

"ఎవ్వరు రాసినా. రాసిందాని మీద ఉండాలె, అంతే. అఫ్జల్‌గంజ్‌ల ఎవ్వన్నన్న అడుగు, వైకుంఠం మాటంటె ఏందో చెప్తరు."

"గా మాట ఇంకొక్కపారి అనుండ్రి. కోడలు వింటది."

"రాసిందాని మీద ఉంట. సరేనా? ఒట్టు మంచిగున్నది, తొక్కు మంచిగున్నది, నువ్వు కిందికి నడువు."

"హరిప్రియా, కింది లైన్లు చూపియ్యమ్మా మామకు."

"ఇప్పుడేనా అత్తయ్యగారూ? ఆరింటికి అనుకున్నాం కదా."

"అనుకున్నరా? ఏందనుకున్నరు? ఎవ్వరు, ఎప్పుడు?"

"చూపియ్యమ్మా."

"ఇదిగోండి. స్టేషన్, ఉప్పుగూడ. ఆగే సమయం తొంభై నిమిషాలు."

"ముప్పై సెకన్లు గద ఉండాలె."

"ఉండె. పోయిన శుక్రవారం దాంక."

"ఎవ్వరు మార్చిన్రు?"

"నేనే. కోడలు తొవ్వ చూపిచ్చింది, నేను నొక్కిన. తొమ్మిది ఒకపారి, సున్న ఒకపారి. ఆట తెరవలే."

"తొంభై నిమిషాలా? రుక్మిణీ, రైలు గాడ్నే పాతుకపోతది. జగన్నాథరావు ఫలక్‌నుమా చేరి, అన్నం తిని, పండుకుంటడు సుత. బిడ్డా, స్టేషన్‌ను విడిచిపెట్టే మీటొకటి ఉండె గద, దాన్ని నొక్కుకుంట."

"అది కూడా ఆపేశామండీ."

"ఆపేశామా? ఇగ ఇద్దరు మంచిగనే కలిసిన్రు."

"నారాజ్ అయిన్రా?"

"కానా మరి? గీ ఒక్క పోటీ కోసం నలభై దినాలు చేతులు కట్టుకొని కూసున్న."

"నేను గంటన్నర జాడీలు పట్టుకొని కూసున్న. మీరు ఆటల ఉప్పుగూడల ముప్పై సెకన్లు ఆపి పోయిన్రు, నేనేమో అసలు ఉప్పుగూడల బెంచీ మీద ఉన్న. వచ్చిన ప్రతి స్కూటరు మీదే అనుకున్న. నాకు కోపం రాలే, ఏడుపొచ్చింది. చాయ్ అమ్మేటాయన చూసి, ఇంట్ల ఎవ్వలన్న పోయిన్రా అమ్మా, అని అడిగిండు."

"ఏమన్నవ్?"

"పోలేదు, మలక్‌పేట కాడ ఉన్నట్టున్నడు అన్న."

"నేను ఆటల ఉన్నట్టు నీకు అప్పుడే ఎరుకనా?"

"ఫోన్ల ఆట మలక్‌పేట అని చెప్పుడు, హారన్ కొట్టుడు వినరాదా? మీ స్కూటర్‌కు రైలు హారన్ ఎప్పుడు పెట్టిచ్చిన్రు?"

"మావయ్యగారూ, ఒక్క లైనే కదా. ఆరింటికి ఇంకా గంట ఉంది. మీరు తీసేయమంటే తీసేస్తాను. అత్తయ్యగారు కూడా అదే అన్నారు, ఆయన అడిగితే తీసెయ్యి అని."

"గట్లన్నవా రుక్మిణీ?"

"అన్న."

"తీసేస్తె ఆట తెరిచినట్టు కాదు గద బిడ్డా?"

"కాదండీ."

"తొక్కుకు ఏం కాదు?"

"ఏం కాదు."

"బాణం ఆ లైను మీద పెట్టు."

"పెట్టాను. తీసెయ్యనా?"

"ఉండు."

"తీసెయ్యమంటారా, వద్దా?"

"ఉండనియ్యి. ఆ లైను గట్లనే ఉండనియ్యి."

"ఓడిపోతారండీ."

"ఓడిపోత. రాసిందాని మీద ఉంట అన్న గద, ఇప్పుడే. రుక్మిణీ, ఆ దినం స్కూటర్ తాళం నా జేబులనే ఉండె. ఇంకొక్క స్టేషను, ఇంకొక్క స్టేషను అనుకుంట కూసున్న. తప్పు నాదే."

"గీ మాట నలభై దినాల సంది ఎదురుచూస్తున్న."

"అడగకపోతివి?"

"అడిగి అనిపిచ్చుకుంటె ఏముంటది?"

"గట్లనే. గని తొంభై నిమిషాలు నేను ఒక్కన్నే కూసోవాల్నా గీడ?"

"చాయ్ పెట్టుకొస్త. పక్కన కూసుంట. నాకు ఆ దినం పక్కన ఎవ్వరు లేకుండె, గది యాదున్నది నాకు."

"అత్తయ్యగారూ, నాక్కూడా చాయ్. నేనూ కూర్చుంటాను."

"నువ్వు కూసో, గని కంప్యూటర్‌కు దూరం కూసో బిడ్డా. సరే, ఆ ఫోన్ గిటియ్యి. జగన్నాథరావుకు ఇప్పుడే చెప్పేస్త, నువ్వే గెల్చినవ్ అని. రైలు ఉప్పుగూడల నిలబడ్డంక చెప్తె మస్తు నవ్వుతడు."

"ఫోన్ చెయ్యకుండ్రి."

"ఎందుకు? ఇజ్జత్ పోతదనా? పోనియ్యి."

"గందుకు కాదు. స్టేషనుకు ఆయన ఇల్లు నాలుగడుగులు. వస్తున్నానమ్మా అని ఆయన సుత రాలే. బాలత్రిపురసుందరమ్మ పొద్దుగాలనే ఆయన ఫైల్ల సుత ఉప్పుగూడకు రాసింది, నూటిరవై నిమిషాలు."