నీళ్లు దాటని కంకణం

సభకు పెద్దగా కూర్చున్న మన టాబియా గుడి కమిటీ అధ్యక్షులు శివ ప్రసాద్ గారికి, పూజారి సామి గారికి, చెరకు నరికే పని ఒక పూట మానుకొని వచ్చిన అన్నదమ్ములకు, అక్కచెల్లెళ్లకు, వెనుక బల్ల మీద కూర్చున్న దుకాణం భగవాన్ గారికి కూడా నమస్కారం. నా గొంతు చిన్నది. వినపడనివాళ్లు యంగోనా తాగే గిన్నె కాసేపు పక్కన పెట్టి ముందుకు జరగండి. (నవ్వులు)

ఇవాళ మనం శాలువా కప్పబోతున్న గంగయ్య, నేను ఒకే ఓడలో వచ్చాం. మదరాసు కూలీల డిపోలో నా హైస్కూలు చదువు ఎవరూ అడగలేదు. చేతులు చూసి రాసుకున్నారు. ఓడలో నాకు జ్వరం వస్తే ముక్కూ మొహం తెలియని ఈ అబ్బాయి తన గంజి నాకు పోసి తాను పస్తున్నాడు. అప్పటి నుంచి నాకు ఓడ కలిపిన జహాజీ తమ్ముడు. గిర్మిట్ ఒప్పందం అయిదేళ్లూ సర్దారు కేకల కింద కంపెనీ చెరకులో వంగిన నడుము నిలబెట్టుకొని, వాగు పక్కన బీడు లీజుకు తీసుకొని, భార్య కుంతీ తానూ రాళ్లేరి, చెరకు నాటాడు. మొదటి గెడ కోసి అమ్మవారి ముందు పెట్టినప్పుడు, అక్కా, దీన్ని ఏ సర్దారూ నరకమని చెప్పలేదు అన్నాడు. ఆ మాట నేను మరిచిపోలేదు.

తరువాత తుఫాను వచ్చింది, ఎద్దులు చచ్చాయి, లీజు భగవాన్ గారి దగ్గర తాకట్టు పడింది. బాకీ తీర్చితే భూమి తిరిగి రావాలి. పంట అమ్మి తీర్చబోతే, గడువు దాటింది, నువ్విప్పుడు కౌలుదారువి అన్నారు. ఆయన ఎదురుగానే ఉన్నారు కాబట్టి ఆయన మాట ఆయనకే వినిపిస్తాను. "ఖేత్‌లోనే ఉండి చెరకు వేసుకో గంగయ్యా, ఎవరు పొమ్మన్నారు? కిరాయి కడితే చాలు." తన చేత్తో రాళ్లేరిన నేలకు కిరాయి. లంబాసా కోర్టు కూడా అదే న్యాయమంది.

సముద్రం అవతల సువా కోర్టులో అప్పీలు చెయ్యడానికి కొద్ది రోజులు మిగిలాయి. తానే వెళ్లి వకీలు ఎదుట వేలిముద్ర వెయ్యాలి. కోర్టు దుబాసీ రామ్ నారాయణ గారు పొలం దాకా నడిచి వచ్చి చెప్పారు, ఈ స్టీమరు తప్పితే ఇంకోటి సమయానికి రాదని. అప్పటికే గంగయ్య చేతికి అమ్మవారి నిప్పుల పండుగకు కట్టిన పసుపు కంకణం ఉంది. భూమి తిరిగి వస్తే నిప్పులు తొక్కుతానని కాదు, భూమి తిరిగి రావాలనే ముందుగా తొక్కుతానని మొక్కుకున్నాడు. ఎంత నమ్మకమో చూడండి.

మనమంతా ఈ పందిట్లోనే కూర్చున్నాం. ఏం చెయ్యమంటారని అడిగాడు. సామి గారు ఒకే మాట అన్నారు: "కంకణం కట్టుకున్నోడు దరియా దాటకూడదు, అంతే." మీరు మారు పలకలేదు, నేనూ పలకలేదు. నిజంగా అదే ధర్మమనుకున్నాం. గంగయ్య నన్ను పక్కకు పిలిచి, "అక్కా, మొక్కు మధ్యలో వదిలేసి పోతే, గెలిచినా ఆ నేల నా కింద నిలుస్తుందా?" అన్నాడు. కొండ మీద నుంచి స్టీమరు పొగ కనిపించి మాయమైంది.

నిప్పులు తొక్కాడు. అరికాలు కందలేదు. మనం ఆనందంతో ఏడ్చాం.

తరువాతి స్టీమరులో సువా చేరేసరికి గడువు వెళ్లిపోయింది. ఎందుకు ఆలస్యమైందని కోర్టు దొర అడిగితే జరిగినదంతా చెప్పాడు. పండుగ కారణం కాదన్నారు, కాగితం వెనక్కి ఇచ్చేశారు. అంతే. ఇన్నేళ్ల చెమట గురించి అక్కడ నిలబడి చెప్పుకోవడానికి తలుపు కూడా తెరుచుకోలేదు.

సామి గారూ, నేను మీకు ఎదురు చెప్పేదాన్ని కాదని మీకు తెలుసు. రోజూ తలకు పోసుకొని దీపం పెట్టకుండా గంజి ముట్టను. అయినా పెద్దల ముందు ఒకటి అడుగుతాను. ఈ దేశానికి రావడానికి మనమంతా నల్ల నీళ్లు దాటాం. అప్పుడు అమ్మ మనల్ని వదిలిపెట్టలేదు. తన బిడ్డ నేల కోసం పక్క దీవికి వెళ్లి వస్తే కోప్పడేదా? వచ్చే ఏడు ఎవరి చేతికైనా కంకణం కట్టే ముందు, కోర్టులో నీకేమైనా ఉందా నాయనా అని ఒక్కసారి అడగండి. అడిగినా గంగయ్యకు ఒరిగేదేమీ లేదు. నాకు తెలుసు.

రేపు గంగయ్య, కుంతి లౌటోకా వైపు లోవుకి పోతున్నారు, ఇంకొకరి గ్యాంగులో చెరకు నరకడానికి. మళ్లీ సర్దారు కేక. స్టీమరు రేపు సరైన వేళకే వస్తుందట.

తమ్ముడూ, నిప్పులు తొక్కాక సామి గారు విప్పిన ఆ కంకణాన్ని నువ్వు అడిగి తీసుకున్నావు, భూమి వచ్చిన రోజు తొలి చెరకు గెడకు కడతానని. అది నీ పంచె కొంగున ఉందని కుంతి చెప్పింది. దాన్ని లోవు దాకా మోసుకుపోకు, నాకివ్వు. దాన్ని కట్టడానికి మనకిక చెరకు గెడ లేదు. నా దీపం దగ్గర పెట్టుకుంటాను. ఏం మొక్కాలో మాత్రం ఇక నాకు తెలియడం లేదు.

ఓపిగ్గా విన్న పెద్దలకు, శాలువా తెచ్చిన పిల్లలకు, నా మాట కటువుగా తోచినా లేచిపోనివారికి దండం. తమ్ముడూ, కుంతీ, చల్లగా వెళ్లండి. సెలవు.